రేపటి టెండరు

అమ్రాబాద్ మండల పరిషత్ ఆఫీసు ముందు, వేపచెట్టు కింద సిమెంటు బల్ల మీద రాంచందర్ కూర్చున్నాడు. మార్చి నెల. కల్వకుర్తి మార్కెట్లో పల్లికాయ ముమ్మరంగా దిగే రోజులు. ముప్పై ఏళ్ల కమీషన్ వ్యాపారంలో సీజన్ నడుమ ఒక్క పొద్దు కూడా దుకాణం మూయని మనిషి ఇవాళ మూసి వచ్చాడు. లోపల అతని భార్య నవనీత సూపరింటెండెంటుగా చార్జి తీసుకుంటోంది. ఎనిమిదేళ్ల కిందటే కూర్చోవలసిన కుర్చీ అది. ఇక మిగిలింది ఏడు నెలల సర్వీసు.

అప్పుడూ పల్లికాయ రోజులే. మధ్యాహ్నం పూట నవనీత చేతిలో కాగితంతో నేరుగా దుకాణానికే వచ్చింది. ఎండకు మొహం ఎర్రబడింది, పెదాల మీద నవ్వు ఆగడం లేదు.

"ఏందే, గంత నవ్వుతున్నవ్?"

"ముందుగాల మిర్చీలు తెప్పియ్యి, చెప్త. నాకు ప్రమోషనొచ్చింది. సూపరింటెండెంటును!"

"యాడికేసిండ్రు?"

"అమ్రాబాద్."

మిర్చి బజ్జీలు వచ్చేలోపే రాంచందర్ చెవి మీది పెన్సిలు తీశాడు. పెరిగే జీతం ఒక పక్క రాశాడు. రెండు బస్సుల చార్జీ, కాదంటే అక్కడ గది కిరాయి ఇంకో పక్క రాశాడు. ఇంట్లో తల్లి నర్సింగమ్మ తుంటి విరిగి మంచాన ఉంది. ఆమెను లేపి కూర్చోబెట్టడానికి మనిషిని పెడితే ఆ ఖర్చు వేరు. కింద గీత గీసి తల అడ్డంగా ఊపాడు.

"గిప్పుడు గిట్టదే. అవ్వ లేచి తిరిగేదాంక వద్దని రాసియ్యి."

"వద్దంటే మల్ల ఇస్తరా?"

"ఎందుకియ్యరు? ధర నచ్చకపోతే రైతు కుప్ప అమ్ముతడా? తెల్లారి మల్ల టెండరు పెడ్తలేమా?"

"ఇది పల్లికాయ కుప్ప కాదయ్యా, నౌకరి."

"ఏదైతేంది? సరుకు మంచిదైతే రేపు ఇంకింత పలుకుతది."

అతనికి తెలిసిన లోకం అదే. యార్డులో రైతు వద్దంటే కుప్ప మీద తాటిపత్రి కప్పి పెడతారు. తెల్లారి మళ్లీ వ్యాపారులు ధర రాసిన చీటీలు వేస్తారు. నిన్న వద్దన్నందుకు ఎవరూ కోపం పెట్టుకోరు. సర్కారు కూడా అంతే అనుకున్నాడు.

దుకాణం ప్యాడు మీదే, అతను చెబుతుంటే ఆమె రాసింది: మా అత్తగారు నడిచే వరకు ఈ పదోన్నతి తీసుకోలేను. సంతకం చేసి లేచింది. మిర్చీలు అట్లాగే చల్లారిపోయాయి.

నర్సింగమ్మ మళ్లీ నడవలేదు. దసరా వెళ్లిన వారానికే పోయింది. దినాలు కాగానే నవనీత పై ఆఫీసుకు దరఖాస్తు పెట్టుకుంది. ఒక్క ముక్కలో జవాబొచ్చింది: పదోన్నతి వదులుకున్నారు, వదులుకున్న హక్కు తిరిగి రాదు.

ఆ తర్వాత, ఫైలు మీద నోట్ రాయడం తాను చేయి పట్టి నేర్పిన మల్లిక ఆమెకు పై అధికారిగా వచ్చింది. నవనీత గదిలోకి వెళ్లిన ప్రతిసారీ మల్లికే లేచి నిలబడేది. "నువ్వు నిలబడి మాట్లాడితే నాకు సిగ్గయితది, కూసో అక్కా" అనేది. ఆ మాట ఇంట్లో చెప్పిన రోజు నవనీత అన్నం ముట్టలేదు. భర్తను ఒక్క మాట అనలేదు. అని ఉంటే రాంచందర్‌కు తేలికయ్యేది.

రెండేళ్లకు హైకోర్టులో కేసు వేశారు. సీజన్ లేని నెలల్లో వాయిదా ఉన్నా లేకున్నా వకీలు రఘుపతి రమ్మంటే చాలు, పట్నం పోయే తొలి బస్సు ఎక్కేవాళ్లు. జొన్నరొట్టెలు, పల్లీల పొడి ఆమె సంచిలో ఉండేవి. ఆమన్‌గల్ దాటాక విప్పి, కిటికీ పక్కన కూర్చుని ఇద్దరూ తినేవాళ్లు. పెళ్లయినప్పటి నుంచి దుకాణం అతన్ని, ఆఫీసు ఆమెను పంచుకున్నాయి. అన్ని గంటలు పక్కపక్కన కూర్చున్నది ఆ కేసు పుణ్యానే. ఆమెకు అన్ని పాత సినిమా పాటలు వచ్చునని అతనికి ఆ బస్సులోనే తెలిసింది.

ఒకరోజు రఘుపతి ఫైలు మూసి అన్నాడు: "షరతు పెట్టి వదులుకునుడు రూల్‌ల లేదు. మీరు షరతు పెట్టిండ్రంటే, ఆ కాగితం అప్పుడే వాపసు చెయ్యాలె, లెక్కకు తీసుకోవద్దు. కానీ వాళ్ల ఫైల్ల ఆ కాగితమే లేదు. వదులుకున్నదని ఒట్టి నోట్ ఉన్నది. నకలేమన్న ఉన్నదా?"

నవనీత దగ్గర లేదు. రాంచందర్ మాత్రం ఒక్కసారిగా లేచాడు. అతని దుకాణం నుంచి ఏ కాగితమూ నకలు లేకుండా బయటికి పోదు. ప్యాడులో కార్బన్ ఎప్పుడూ పెట్టే ఉంటుంది. అటక మీది పాత ప్యాడులన్నీ రెండు రోజులు దులిపితే దొరికింది. నీలి అక్షరాలు వెలిసిపోయాయి గానీ, నడిచే వరకు అన్న మాట స్పష్టంగా ఉంది.

"ఎవలు రాయించిండ్రు దీన్ని?" అన్నాడు రఘుపతి.

"నేనే సార్."

"ముంచింది నువ్వే, తేల్చింది నీ కార్బనే. మంచి వ్యాపారివే!"

ఆ నకలు మీదే కేసు నిలబడింది. పదోన్నతి ఇవ్వాలని తీర్పు వచ్చింది. ఖాళీ ఉన్న చోటు చూసి ఆర్డర్ ఇచ్చారు. అదీ అమ్రాబాదే.

"సేటూ, మేడం లోపటికి రమ్మంటున్నది." అటెండర్ ఎల్లేష్ పిలుపుతో రాంచందర్ బల్ల మీంచి లేచాడు.

కుర్చీలో నవనీత. జుట్టు సగం తెల్లబడింది. బల్ల మీద కాగితం పరిచి మిర్చీలు పెట్టి ఉన్నాయి.

"తిను. ఆ పొద్దు నన్ను తిననియ్యలే" అంది. ఒకటి తుంచి నోట్లో వేసుకుని, "ఇంకేంది, పెన్సిల్ తియ్యలేదా? ఏడు నెలలకు గదెందుకు, రోజు బస్సుల పోయి రా అని చెప్పవా?"

రాంచందర్ జేబులోంచి తాళంచెవి తీసి ఆమె ముందు పెట్టాడు. "ఆఫీసు ఎనుక గల్లీల గది. పొద్దున్నే మాట్లాడిన."

"కిరాయి ఎంత?"

"అడగలే."

నవనీత మిర్చి నమలడం ఆపి అతని వైపు చూసింది. పిడికెడు వేరుశనగ కూడా ధర తేల్చకుండా ముట్టని మనిషి.

"అడగకుండనే తీసుకున్నవా? నిండ ముంచుతరు పో" అని పకపకా నవ్వింది. ఎనిమిదేళ్ల కిందట దుకాణం మెట్లెక్కి వచ్చినప్పటి నవ్వు. తాళంచెవి తీసి పర్సులో వేసుకుంది.