పరిగెత్తని వరుస

తిండి పంచే లారీ వచ్చి ఎంతసేపైనా దాని తలుపు తెరుచుకోలేదు. మిట్టమధ్యాహ్నపు ఎండలో శిబిరం జనం ఖాళీ గిన్నెలు పట్టుకుని వరుసలో మాడిపోతున్నారు. అందరికంటే ముందున్న కండక్టరమ్మకు అప్పుడే అనుమానం వచ్చింది. యుద్ధం ఊరిని మింగకముందు ఆమె బస్సు కండక్టరు. ఇక్కడ ఈ వరుసను నడిపేదీ ఆమే. ముందు పసిపిల్లల తల్లులు, తర్వాత ముసలివాళ్లు, ఆ తర్వాతే కండబలం ఉన్నవాళ్లు. ఆమె నోటికి జడిసి ఎవరూ గీత దాటరు.

కెమెరా మనిషిని వెంటబెట్టుకుని టీవీ విలేకరి ఆమె దగ్గరికొచ్చాడు.

"అమ్మా, లారీ కాస్త ముందుకు కదులుతుంది. మీరంతా దాని వెనక పరిగెత్తండి. ఒక్కసారే. తర్వాత పంచేస్తారు."

"నిలబడ్డచోటే పంచితే మీకేం నష్టం బాబూ?"

"ఇలా బుద్ధిగా నిలబడితే ఆకలి అంటే ఎవరు నమ్ముతారమ్మా? చూసేవాళ్ల మనసు కరిగితేనే కదా ఇంకో లారీ వచ్చేది!"

క్రితం నెల కూడా టీవీవాళ్లు ఇంత తీయగానే చెప్పారు. శిబిరం జనం నమ్మి పరిగెత్తారు. సాయంత్రం వార్తల్లో ఆ పరుగే చూపించి, కింద 'శిబిరంలో లూటీ మూక' అని రాశారు. మర్నాడు వర్క్‌షాపు యజమాని ఆమె కొడుకును గుమ్మంలోనే ఆపేశాడు. "నిన్ను టీవీలో చూశానయ్యా. లోపల సామాన్లున్నాయి, ఇక రావద్దు" అన్నాడు. శిబిరం జనం ఇళ్లమీద బాంబులు వేసిందెవరో ఆ వార్తల్లో ఒక్కరూ అడగలేదు. మన వేలితోనే మన కన్ను పొడిచారని ఆమెకు ఒళ్లు మండింది.

"కుదరదు" అంది.

"అయితే లారీ పక్క శిబిరానికి పోతుంది. మీ ఇష్టం" అన్నాడు లారీ పక్కనున్న పంపిణీ అధికారి, వాచీ చూసుకుంటూ.

కండక్టరమ్మ వెనక్కి తిరిగింది. అందరి కళ్లూ ఆమె మీదే ఉన్నాయి. ఇంతమంది కడుపుల మీద తనకెవరిచ్చారు పెత్తనం?

"నేను మాత్రం పరిగెత్తను. మీ కాళ్లు మీ ఇష్టం. పరిగెత్తినవాళ్లను ఒక్క మాట అనను."

లారీ బుర్రుమని కదిలింది. కెమెరా మనిషి మోకాలి మీద కూర్చుని గురిపెట్టాడు.

వరుసలో ఒకావిడ అడుగు ముందుకేసి, ఆగిపోయింది.

"అంత సరదాగా ఉంటే ఆ కెమెరానే పరిగెత్తమనండి!" అని వెనకనుంచి ఒక ముసలాయన కేకేశాడు. ఎవరూ నవ్వలేదు.

పక్కనున్న మనవరాలు కండక్టరమ్మ చెయ్యి పట్టి గుంజింది. "నానమ్మా, వెళ్లిపోతోందే!"

"తెలుసే తల్లీ" అంది కండక్టరమ్మ. పిల్ల చేతిని మరింత గట్టిగా పట్టుకుంది.

లారీ గేటు దాకా వెళ్లి ఆగింది. డ్రైవరు కిటికీలోంచి తల బయటపెట్టి వరుసవైపు చూశాడు. "పోనివ్వవోయ్, చూస్తావేం!" అని అధికారి అరిచాడు. లారీ ముందుకూ పోలేదు, వెనక్కీ రాలేదు. వరుసలో ఒక్కరూ కదల్లేదు.