కప్పతల్లి లేని రీలు

మార్కాపురంలో గురమ్మ అడుక్కుంటుంటే ఓబులమ్మ తమ్ముడు కళ్ళారా చూశాడట. ఓబులమ్మ బావికాడ అన్న ఆ మాటను పక్కింటి వెంకటలక్ష్మమ్మ ఇంకాస్త కారం తగిలించి గురమ్మ వాకిట్లోకి మోసుకొచ్చింది.

"నిజంగా కాదులే వదినా, సినిమాలో! బళ్ళో తెరగట్టి ఏసినారంట. ఫ్రెంచి వాళ్ళు తీసి పంపిన కరువు బొమ్మ. చేట పట్టుకోని ఇంటింటికీ నువ్వే!"

గురమ్మ చేతిలో అప్పుడు అదే చేట ఉంది. కొమరోలు పక్క ఆ ఊళ్ళో నలభై ఎకరాల పొలమున్న ఇల్లు ఆమెది. వాన ముఖం చాటేసిన ఏడల్లా కప్పతల్లిని ఎత్తేది ఆమే. వేపమండలతో కప్పను రోకలికి కట్టి ఇద్దరు మోస్తారు. ముందు గురమ్మ పాడుతూ చేట చాపుతుంది. ప్రతి ఇల్లాలూ కప్పమీద చెంబెడు నీళ్ళు పోసి, చేటలో పిడికెడు గింజలు వేస్తుంది. అది వానకు మొక్కు. ఈ ఏడు రేపే ఎత్తాలి. ఇప్పుడు ఆ చేట చాపితే ఊరు ఏమంటుంది?

రాష్ట్రం కొత్తగా ఏర్పడ్డ ఏడు, మూడేళ్ళ కిందట, ఆ మొక్కును ఫ్రెంచి దొరలు కెమెరాలో పట్టారు. అక్కా అక్కా అని బతిమాలి వాళ్ళను తెచ్చింది గిద్దలూరు పంతులు సత్యానందం.

చేట చంకన పెట్టుకుని గురమ్మ గిద్దలూరు బస్సెక్కింది. బళ్ళో తోటి పంతుళ్ళ ముందే అతణ్ణి నిలేసింది.

"కప్పేదిరా సత్యానందం?"

"వాళ్ళు అప్పుడు తీసింది వేరు, ఇప్పుడు ఏసిన సినిమా వేరక్కా. తీసిన రీళ్ళు వాళ్ళు పారెయ్యరు, దాచిపెడతారు. ఇప్పుడు వాళ్ళ దేశంలో టెలివిజనని, రేడియోకి బొమ్మ వచ్చింది. దాంట్లో కరువు చూపించాలంటే పాత రీల్లో కావలసిన ముక్క కోసి అతికిస్తారు."

"ఏ ముక్క దేనిదో వాళ్ళకెట్ల తెలిసింది?"

సత్యానందం చేతి సుద్ద దులుపుకున్నాడు. "జాబు రాసినారు, నీ పాటకి అర్థమేందని. 'పిడికెడు గింజలు పెట్టండి తల్లీ' అని రాసి పంపినా. ఉన్నమాటే గదా."

"కప్ప సంగతి?"

"వాళ్ళు అడగలా." గొంతు తగ్గించాడు. "చివర్లో నా పేరు గూడా ఏసినారక్కా."

ఒక పంతులు కిసుక్కున నవ్వాడు. గురమ్మ చేటను బల్లమీద బోర్లించింది.

"ఆ పొద్దు నువ్వూ ఆ దొరలూ మా ఇంట్లో కూసోని, కొర్రన్నంలోకి కోడికూర మూడుతూర్లు వడ్డించుకోని తిన్యారు. అది రాసినావా?"