ఏ పక్కనుంచీ భయం లేని మాట

నేనొక పిల్లని చేటెడు తవుడిచ్చి కొన్నాను. స్టీల్ ప్లాంటుకి పునాదిరాయి వేసిన ఏడాది అది. వన్ టౌన్‌లో మేమున్న సందులో ఒకరింట్లో పోపు వేస్తే నాలుగిళ్లవాళ్లు తుమ్మేవారు. మా పక్క వాటాలో చిలకమ్మ, దాలయ్య ఉండేవారు. దాలయ్య పోర్టులో ఖలాసీ. మా ఆయన సత్యం అదే పోర్టులో క్రేన్ నడిపేవారు. సాయంత్రం ఇళ్లకు వచ్చేసరికి ఇద్దరూ ఒకే రంగులో ఉండేవారు. ఇనప ఖనిజం దుమ్ము అది. వాళ్ల బట్టలు ఉతికిన నీళ్లు పారాణిలా పారేవి.

చిలకమ్మకి అప్పటికి ఇద్దరు పిల్లలు పుట్టి పోయారు. మూడోసారి ఆడపిల్ల. పురిటి స్నానం కాగానే పిల్లని చేటలో పడుకోబెట్టి తెచ్చి మా గుమ్మంలో పెట్టింది.

"ఈ గుంట నాకొద్దు. తవుడిచ్చి మీరట్టుకెల్లిపోండి అమ్మగోరూ" అంది గట్టిగా, సందంతా వినేలా.

నేను గోదావరి జిల్లా నుంచి కాపురానికి కొత్తగా వచ్చినదాన్ని. బిత్తరపోయాను. దాలయ్య పక్కకు పిలిచి చెప్పాడు. పుట్టిన పిల్లలు దక్కకపోతే ఇలా చేస్తారట. తవుడికి అమ్మేసిన పిల్లంటే చావుకి కూడా చులకనట, వదిలేసి పోతుందట.

"సందులో ఇంతమంది ఉండగా నేనే ఎందుకు?" అన్నాను.

"మీరీ ఊరోరు కాదు గదమ్మా. మీ గుమ్మం ఆడికి తెల్దు" అన్నాడు. ఆడు అంటే యముడు.

మా ఇంట్లో తవుడెక్కడిది? అదీ దాలయ్యే పాలవాడి దగ్గర తెచ్చి నా చేతిలో పోశాడు. అమ్మేవాడే సొమ్ము తెచ్చి కొనేవాళ్ల చేతిలో పెట్టిన బేరం నేనదొక్కటే చూశాను. పిల్లకి తవిటమ్మ అని పేరు పెట్టారు.

మిగతావాళ్లయితే ఈ తంతు అంతటితో మరిచిపోయి పిల్లని మామూలుగా పెంచుకుంటారు. చిలకమ్మ మరిచిపోలేదు. పాలిచ్చింది, తల దువ్వింది, జ్వరం వస్తే ఒళ్లో వేసుకుని కూర్చుంది. నోటితో మాత్రం నా పిల్ల అనలేదు. "మీ గుంట అన్నం తినట్నేదు, సూడండి" అని నాకు చెప్పేది. నన్ను అమ్మా అనీ, తనని పిన్నీ అనీ పిలవడం పిల్లకి నేర్పింది చిలకమ్మే. తమ ఊరి నుంచి ఎవరైనా వచ్చి అడిగితే, "నాకు బిడ్డలు దక్కనేదు, ఆ గుంట పక్కింటి అమ్మగోరిది" అని మొహం తిప్పకుండా చెప్పేది. బళ్లో వేసే రోజున మా ఆయన చెయ్యి పట్టుకున్నంత పని చేసి, "మీ పేరే రాయించండి బావూ" అని బతిమాలింది. ఆయన నవ్వుతూ అలాగే రాయించారు. ఆ నవ్వు ఎంతదాకా వస్తుందో అప్పుడు ఎవరికీ తోచలేదు.

నాకు చదువు లేదు. వన్ టౌన్ దుకాణాల బోర్డులు చూసి అక్షరాలు కూడబలుక్కున్నాను. పాత పుస్తకాలవాడి దగ్గర అట్టలేని నిఘంటువొకటి దొరికితే దాన్నే కథల పుస్తకంలా మొదటి నుంచీ చదువుకుంటూ వచ్చాను. మధ్యాహ్నం పని అయ్యాక రోజూ కొంచెం. అందులో 'అ' దాటకముందే ఒక మాట దగ్గర ఆగిపోయాను. అకుతోభయము. ఎక్కడనుండియు భయము లేనిది అని అర్థం ఇచ్చారు.

ధైర్యం తెలుసు, నిబ్బరం తెలుసు, తెగువ తెలుసు. అవన్నీ మనిషి లోపల ఉండేవి. ఈ మాట మనిషి లోపలికి చూడలేదు. చుట్టూ చూసింది. తూర్పునుంచా, పడమరనుంచా, ఎటునుంచి వస్తుంది భయం అని అడిగి, ఎటునుంచీ రాదని తనే చెప్పుకుంది. నాకైతే అన్ని పక్కలనుంచీ వచ్చేది. వేళగాని వేళ పోర్టు సైరన్ మోగితే వచ్చేది. టెలిగ్రాం మనిషి సైకిల్ గంట వింటే వచ్చేది. రైలు కూత వింటే మరీను. మా అమ్మ నన్ను కాపురానికి పంపుతూ సామర్లకోట స్టేషన్లో కిటికీ ఊచ పట్టుకుని బండితోపాటు నాలుగడుగులు నడిచింది. ఆ తరవాత ఆవిడని నేను చూడలేదు. పదిహేను రోజులకే పోయింది. అప్పటినుంచి ఎవరు చెప్పులు తొడుక్కున్నా నా గుండె ఆగేది.

తవిటమ్మ ఏడో తరగతిలో ఉండగా ఒక రోజు పుస్తకాలు విసిరేసి వచ్చింది.

"నా పేరు మార్చీ అమ్మా. తవుడూ, నిన్ను ఏ గేదె తింటాదే అంటన్నారు."

నేను నిఘంటువు తెరిచి ఈ మాట చూపించాను. భయం లేని పేరు అన్నాను. అది కూడబలుక్కుని చదివి పొట్ట పట్టుకుని నవ్వింది.

"అకుతోభయా అని పిలిస్తే ఎవలొస్తారే? నాకు తవుడే నయం." మళ్లీ తనే, "సరేగానీ, దీనికి సొంతవాక్యం సెప్పు. మా తెలుగు మేస్టారు సొంతవాక్యం రాయకపోతే మార్కు వెయ్యరు" అంది.

ఆలోచించాను. నాకు తెలిసినవాళ్లలో అలాంటివాళ్లు ఎవరూ తట్టలేదు. "తరవాత చెప్తాలే" అన్నాను. అది వదల్లేదు. గిన్నెలు తోముతుంటే వచ్చి, "సొంతవాక్యం వచ్చిందా?" అనేది. గుమ్మంలో చేపలు శుభ్రం చేస్తున్న చిలకమ్మ తలెత్తి, "ఏటే ఆ గొడవ? సేపలకి పనికొచ్చే మాటైతే సెప్పండి" అనేది.

దాలయ్య కామెర్లతో పోయాడు. ఆ మర్నాడు కూడా చిలకమ్మ పిల్లని ఏడుస్తూ దగ్గరకు తీసుకోలేదు. నా వైపు నెట్టింది. ఆ పై ఏడాది మా ఆయన నడుం దెబ్బతిని ముందుగానే రిటైరయ్యి, ఇంట్లో పడక్కుర్చీకి అతుక్కుపోయారు. పిల్ల ఇంటర్ పాసైంది. సరిగ్గా అప్పుడే స్టీల్ ప్లాంటు నుంచి కబురొచ్చింది. ఊళ్లో దాలయ్య వాళ్ల పొలం ఎప్పుడో ప్లాంటు కిందకి పోయింది. భూమి పోయిన ఇంటికొక ఉద్యోగం ఇస్తున్నారు. దాలయ్య పిల్లలెవరైనా ఉంటే రావచ్చు. ల్యాబులో పని, ముందు ఏడాదిపాటు భిలాయిలో ట్రైనింగు.

దాలయ్య పిల్లలెవరు? బడి కాగితాల్లో తవిటమ్మ మా ఆయన కూతురు. ఊళ్లోవాళ్ల లెక్కలో దాలయ్యకి పిల్లలే లేరు. కన్నతల్లి ఆఫీసర్ ముందు నిలబడి నా కూతురని చెప్పాలి. ఊరి పెద్దలు ఔననాలి.

"నాను సెప్పను" అంది చిలకమ్మ. "ఉజ్జోగం నేకపోతే సచ్చిపోం. ఆడు ఇనేసినాడంటే సచ్చిపోద్ది."

"ఉద్యోగం కోసం కాదు పిన్నీ" అంది తవిటమ్మ. ఇల్లు ఊడుస్తున్నదల్లా చీపురు పట్టుకునే నిలబడింది. "ఉద్యోగం రాకపోతే పోనీ. ఒక్కసారి నీ నోటంట వినాలి నాకు. నాను ఎవల్నని సెప్పుకోవాలి అక్కడకెళ్లి? తవుడికి కొన్న పిల్లననా?"

చిలకమ్మ చేపల బుట్ట ఎత్తుకుని బయటికి పోయింది. పిల్ల మళ్లీ ఊడవడం మొదలుపెట్టింది, ఊడ్చిన చోటే.

సాయంత్రం చిలకమ్మ మా గుమ్మంలో వచ్చి కూర్చుంది. నేను బియ్యంలో రాళ్లు ఏరుతున్నాను.

"తవుడు తిరిగిచ్చేయొచ్చు కదే. అప్పుడు నీ పిల్లని నువ్వు కొనుక్కున్నట్టే కదా" అన్నాను.

"ఇచ్చీమంటే ఇచ్చెత్తారా మీరు?"

నా చెయ్యి బియ్యంలో ఆగిపోయింది. అమ్మా అని పద్దెనిమిదేళ్లు పిలిపించుకున్న నోటితో ఇచ్చేస్తానని చెప్పడం ఎంత కష్టమో అంతవరకు తెలియదు. చిలకమ్మ నా మొహం చూసి తల దించుకుంది.

"మీ బుక్కులో ఆ మాటేటి? ఏ పక్కనుంచీ బయం రాదనీసి. అలాటోలు ఉంతారా అమ్మగోరూ?"

"నేనెవర్నీ చూడలేదు."

"మీకే పక్కనుంచి వత్తాది?"

"అన్ని పక్కలనుంచీ."

చిలకమ్మ చిన్నగా నవ్వింది. "నాకొక్క పక్కే. ఆ గుంట పక్కనుంచే. ఇన్నేల్లూ దానికేటవుద్దో అని బయం. ఈ పొద్దు అది నన్నలా సూసినాక, అది నన్నేటనుకుంతాదో అని బయం. ఇదే పెద్దదయిపోనాది." ఒక రాయి ఏరి బయటికి విసిరింది. "మీరు ఊఁ అంతే రేపు తవుడట్టుకొత్తాను."

ఊఁ అన్నాను. ఆ ఒక్క అక్షరం నిఘంటువులో ఎన్నిసార్లో చదివి ఉంటాను గానీ, అంత బరువుంటుందని ఎవరూ రాయలేదు.

పొద్దున్నే పూర్ణా మార్కెట్ దగ్గర దాణా కొట్టు తెరిపించి తెచ్చింది. అదే చేట. అంచు పాడైతే పేడతో అలికి దాచుకుందట. తలారా స్నానం చేసి, తడి జుట్టుతో మా గుమ్మంలో నిలబడి చేట చాచింది. తవిటమ్మ మా ఇద్దరి మధ్య నిలబడింది. మా ఆయన పడక్కుర్చీలోంచే, "బేరమాడవే భ్రమరాంబా, అప్పటి తవుడు కాదిది, ధర పెరిగింది" అన్నారు. ఎవరమూ నవ్వలేదు. ఆయన కూడా.

తవుడు నా కొంగులో పోయించుకున్నాను. పిల్ల చెయ్యి తీసి చిలకమ్మ చేతిలో పెట్టాను.

ఆ పూటే ప్లాంటు ఆఫీసుకి వెళ్లాం. వరండా అంతా జనం. వాళ్ల ఊరి పెద్ద పోలిరాజు తలపాగాతో ముందు బెంచీ మీద కూర్చున్నాడు. ఆఫీసర్ అడిగితే లేచి నిజాయితీగా చెప్పాడు.

"దాలయ్యకి బిడ్డలు దక్కనేదు బావూ. ఆడి పెళ్లామే మాకు సెప్పింది, ఒకసారి కాదు, ఏడాదేడాదీ సెప్పింది."

ఆఫీసర్ బడి కాగితం తిప్పి చూసి నన్ను పిలిచాడు. "ఇందులో తండ్రి పేరు సత్యం అని ఉంది. ఈ అమ్మాయి మీ అమ్మాయేనా అమ్మా?"

"పొద్దున్నదాకా అండి" అన్నాను. "ఇందాకే అమ్మేశాను."

వరండాలో నవ్వులు లేచాయి. ఆఫీసర్ కళ్లజోడు తీశాడు. ఇక నేను చెప్పగలిగింది లేదు. చిలకమ్మ వైపు చూశాను. ఆమె గోడకి ఆనుకుని నిలబడి ఉంది. పైకప్పు వంక, కిటికీ వంక, తలుపు వంక ఒకసారి చూసింది. ఎవరు వింటున్నారో వెతుకుతున్నట్టు. తరవాత తవిటమ్మ మణికట్టు పట్టుకుని బల్ల ముందుకు లాక్కొచ్చింది.

"నా గుంటే బావూ. నాను కన్నాను. దీని పేరు తవిటమ్మ. దాలయ్య కూతురు, నా కూతురు."

చెప్పి ఆగలేదు. ఒకసారి మొదలుపెట్టాక ఆపడం తెలియనట్టు మళ్లీ చెప్పింది. నా కూతురు. పురుడు పోసిన మంత్రసాని పేరు చెప్పింది. మోకాలి మీద కాలిన మచ్చ ఎలా వచ్చిందో చెప్పింది. ఏ పండగకి ఏ గౌను కుట్టించిందో చెప్పింది. ఆఫీసర్ రాయడం ఆపేసి వింటూ కూర్చున్నాడు. తవిటమ్మ నేల చూపులు చూస్తూ నిలబడింది. దాని ముక్కు చివర నీటిచుక్క వేలాడుతోంది, తుడుచుకోలేదు.

పోలిరాజు నుదురు కొట్టుకున్నాడు. "ఎంత మోసం సేసినావే ఒలే. ఇన్నేల్లు మమ్మల్నందర్నీ."

"మిమ్మల్ని కాదు మావా" అంది చిలకమ్మ. "ఆడ్ని."

పోలిరాజుకి వెంటనే అర్థమైంది. వాళ్లింట్లోనూ ఒక తవిటయ్య ఉన్నాడు. "రాసుకోండి బావూ, దాలయ్య కూతురే" అని వేలిముద్రకి చెయ్యి చాపాడు.

విచారణలూ సంతకాలూ అయ్యేసరికి వేసవి వచ్చింది. భిలాయి వెళ్లడానికి రాయపూర్ బండి. నేను స్టేషన్‌కి రానన్నాను. మా ఆయన బలవంతాన పంపారు. బండి కదలడానికి కాస్త ముందు తవిటమ్మ కిటికీలోంచి, "అమ్మా, మంచినీళ్ల సీసా" అంది. నేను సీసా పట్టుకుని ముందుకి అడుగు వేశాను. చిలకమ్మ కూడా వేసింది. మా భుజాలు రాసుకున్నాయి. సీసా చిలకమ్మ చేతికిచ్చి వెనక్కి జరిగాను. తవిటమ్మ అది చూసింది. సీసా అందుకుని, ఊచల్లోంచి రెండో చెయ్యి నాకేసి చాచి, "పెద్దమ్మా, సొంతవాక్యం వచ్చిందా?" అని అడిగింది.

అది నన్ను పెద్దమ్మా అనడం అదే మొదలు. ఆ చెయ్యి పట్టుకున్నాను. బండి కదిలింది. నాకు తెలియకుండానే నాలుగడుగులు నడిచాను. మా అమ్మ ఎందుకు నడిచిందో అప్పుడు తెలిసింది. భయంతోనే అనుకునేదాన్ని అన్నాళ్లూ.

తిరిగొచ్చేటప్పుడు రిక్షాలో చిలకమ్మ నా చెయ్యి వదల్లేదు. ఆమె అరచెయ్యి చల్లగా, తడిగా ఉంది. పోర్టు కన్వేయర్ బెల్టు చప్పుడు వినిపించింది. అప్పుడు రిక్షావాడి వీపు మీద తట్టి, అతను అడక్కుండానే చెప్పింది.

"నా కూతుర్ని బండెక్కించి వత్తన్నాం. స్టీల్ ప్లాంటులో ఉజ్జోగం. నా కూతురు."

రిక్షావాడు ఔనా అని తొక్కుతూ పోయాడు.

ఆ తవుడు నా దగ్గర డబ్బాలో చాలాకాలం ఉంది. తవుడు నిలవుండదు, పురుగు పడుతుంది. పడ్డాక పాలవాడి గేదెకి పోశాను. నిఘంటువు మాత్రం ఉంది. ఆ మాట పక్కన సొంతవాక్యానికి చోటు ఖాళీగానే ఉంచాను. తవిటమ్మ వచ్చినప్పుడల్లా తెరిచి చూస్తుంది. చూసి, ఏమీ అడక్కుండా వాళ్లమ్మ దగ్గరకి వెళ్లి కూర్చుంటుంది.