స్కూటీ వెనక నీడ

జనగామ పత్తి మార్కెట్టు వెనక ఖాళీ జాగాలో నితిన్ ఆడవాళ్లకు స్కూటీ నేర్పుతాడు. ఎండ వచ్చాకే క్లాసు. మబ్బు పడితే సెలవు.

బ్రేకు ఇది, స్పీడు పెంచే రేజు ఇది అని ఒకసారి చూపిస్తాడు. మిగతాదంతా అబద్ధంతోనే నేర్పుతాడు. సీటు వెనక కడ్డీ పట్టుకుని ఉరుకుతూ "పట్టుకున్న అక్కా, పట్టుకున్న" అంటాడు. అంటూనే చెయ్యి వదిలేస్తాడు. అతని నీడ మాత్రం వదలదు. కడ్డీ పట్టుకుని బండి వెంట ఉరుకుతూనే ఉంటుంది. అద్దంలో ఆ నీడ కనపడినంతసేపు నేర్చుకునేవాళ్లకు ధైర్యం. జాగా చివరికి పోయి తిరిగి చూస్తే నితిన్ ఎక్కడో దూరాన చాయ్ తాగుతుంటాడు. "దా" అని పిలిస్తే నీడ వచ్చి అతని కాళ్లకు అతుక్కుంటుంది. కొత్తగా వచ్చినవాళ్లు అడిగేది ఒక్కటే, నీడకు వేరే ఫీజు ఉంటదా అని.

రూతు దేవరుప్పుల నుంచి వచ్చింది. తండ్రి అబ్రహాం కౌలు రైతు. ఆమెకు మహదేవపూర్ దిక్కు ఊరూరు తిరిగి పసిపిల్లలకు టీకాలు వేసే కొలువొచ్చింది. బస్సులు పోని ఊళ్లు. అక్కడికి పోయేలోపు బండి రావాలి.

అద్దంలో నీడను చూసి నమ్మే రకం కాదు రూతు. మొదటి రోజే తల తిప్పి మనిషి కోసం చూసింది. మనిషి లేడు. పడిపోయింది. మోకాలు గీసుకుపోయింది.

"విడిచినవా సారూ?"

"విడువకుంటే ఎన్నడొస్తది?"

"విడువు. చెప్పి విడువు. నేను ట్రైనింగుల పిల్లలకు సూది ఇచ్చేటప్పుడు చీమ కుడుతదని చెప్ప. నొస్తది, ఏడువు అని చెప్త."

"గట్ల చెప్తే చెయ్యి గుంజుకోరా?"

"గుంజుకుంటరు. కని మళ్లసారి నన్ను జూసి ఉరకరు."

ఆ రోజు నుంచి ఆమె ఒక్కతికే నితిన్ "విడుస్తున్న" అని చెప్పి విడవడం మొదలుపెట్టాడు. ఆమె తూలింది, తిట్టుకుంది, నేర్చుకుంది.

అందరూ అతన్ని అన్నా అంటారు. రూతు సారూ అంది. ఆ ఒక్క మాట మీద నితిన్ మనసులో ఇల్లు కట్టుకున్నాడు, వాకిట్లో ముగ్గు కూడా పెట్టుకున్నాడు. ఆమెకు చెప్పాల్సింది ఒక్కటే ఉంది. అది నోటిదాకా వచ్చి "అద్దం సర్దుకో" అయ్యేది. ఇంకోరోజు "మూల మీద హారన్ కొట్టు" అయ్యేది.

చివరి రోజు రూతు బండి ఆపి అడిగింది.

"ఇంకేమన్న చెప్పేదున్నదా సారూ?"

నితిన్ బ్రేకు దిక్కు చూశాడు.

"ముందటి బ్రేకు వానల జోరుగ వట్టకు."

"గంతేనా?"

"గంతే."

ఆమె కాసేపు అతని మొఖం చూసి హెల్మెట్ పెట్టుకుంది. కొసదాకా ఒకసారి ఉరికి, "విడుస్తున్న" అని గట్టిగా చెప్పి నితిన్ చెయ్యి తీశాడు. బండి పెద్ద రోడ్డు ఎక్కింది. "దా" అన్నాడు నితిన్. నీడ రాలేదు.

తర్వాత వచ్చినవాళ్లంతా పడ్డారు. నీడ లేని అన్న దగ్గర ఏం నేర్చుకుంటమని ఒక్కొక్కరే మానుకున్నారు. నితిన్ వాకిట్లో ఎండలో ఊరికే నిలబడేవాడు.

"గట్ల నిలవడి ఏం లాభం రా? నీ పక్కన కోడిపిల్ల గూడ ఆగుతలేదు. పోయి తెచ్చుకో" అంది వాళ్లమ్మ చంద్రమ్మ.

"ఎట్ల తెచ్చుకోవాలె అవ్వా?"

"నోరున్నది గదా."

ఉన్నది. అదే బాధ.

ఒకనాడు రూతు ఫోన్ చేసింది. "సారూ, నీ నీడ నా బండి ఎనుకనే ఉరుకుతున్నది. ఊళ్లల్ల ముసలోళ్లు ఎవలదని అడుగుతున్నరు. ఏం చెప్పాలె?"

నితిన్ నోరు తెరిచాడు. "టైర్లల్ల గాలి జూస్కుంటున్నవా?"

ఫోన్ కట్టయింది.

మర్నాడే బయలుదేరాడు. భూపాలపల్లిలో బస్సు మారాడు. దారి పొడుగునా ఆ ఒక్క మాటను నోట్లో తిప్పుకున్నాడు. అడవి అయిపోయింది, వరిచేన్లు వచ్చాయి, మాట మాత్రం పెదవి దాటలేదు.

రూతు పని మీద ఉన్న ఊరు కనుక్కుని పోయేసరికి ఆమె అంగన్‌వాడీ ముందు బండి ఆపుతోంది. మందుల డబ్బా భుజానికుంది. వెనక కడ్డీ పట్టుకుని నీడ నిలబడి ఉంది. ఊళ్ల దుమ్ముకు ఎర్రబడి, చిక్కిపోయింది.

"తీస్కపోను వచ్చినవా? పిలువు" అంది రూతు.

ఇప్పుడే చెప్పాలి. నితిన్ నోరు తెరిచాడు. "దా" అని వచ్చింది.

నీడ కదలలేదు.

మళ్లీ పిలిచాడు. గడపలో మనవణ్ణి ఎత్తుకున్న అవ్వ ఒకామె అంది, "గది రాదు బిడ్డా. ఎందుకు గొంతు నొప్పి జేస్కుంటవ్."

"పిలిచేటోనికే రావొద్దని ఉన్నప్పుడు అదెట్లొస్తది?" అంది రూతు.

నితిన్ తల దించుకున్నాడు. కాళ్ల చుట్టూ ఒట్టి ఎండ.

"నాకు చెప్పుడు రాదు రూతూ" అన్నాడు. ఆమెను పేరు పెట్టి పిలవడం అదే మొదలు.

రూతు లోపలికి పోయి పిల్లలకు సూదులిచ్చింది. "నొస్తది, ఏడువు" అంటున్న ఆమె గొంతు, వెంటనే ఏడుపు, బయటికి వినపడుతూనే ఉన్నాయి. నితిన్ ఎండలో అట్లే నిలబడ్డాడు. పని అయ్యాక వచ్చి బండి స్టార్ట్ చేసింది.

"కూసో. బస్టాండు కాడ దింపుత."

అతను వెనక ఎక్కాడు. అప్పుడు నీడ కడ్డీ వదిలేసింది. నేల మీద రూతు నీడ వెనక సర్దుకుని కూర్చుంది, అలిసిపోయిన మనిషిలా.

"పట్టుకున్నవా?" అంది రూతు.

"పట్టుకున్న" అన్నాడు. ఈసారి అది అబద్ధం కాదు.

బస్టాండు వచ్చింది. జనగామ దిక్కు పోయే బస్సు ఇంజను ఆన్ చేసి సిద్ధంగా ఉంది. రూతు బ్రేకు వెయ్యలేదు. వెయ్యమని నితిన్ కూడా చెప్పలేదు.