గుంజకు చెప్పిన సాక్ష్యం

యాదమ్మ రాట్నం తిప్పుతూ కండెలు చుడుతోంది. చెవులు మాత్రం నడిమి గోడ అవతలే ఉన్నాయి. అక్కడ తోడికోడలు ఉప్పలమ్మ బియ్యం చెరుగుతున్న చప్పుడు వినిపిస్తోంది. అంటే ఇంట్లోనే ఉంది.

ఒకే ఇల్లు, ఒకే వాకిలి, మధ్యలో నడుమెత్తు గోడ. గంజికుండ పగిలిన నాటి నుంచి ఆ గోడకు రెండు వైపులా మాటల్లేవు. కుండ ఎవరి చేతిలో పగిలిందో ఇప్పటికీ తేలలేదు.

ఇప్పుడు ఆ మాటలే కావలసి వచ్చాయి. దేవరకొండ సాలెవాడలో, తెల్లవారుతుండగా, వీధి పొడుగునా పడుగు నూలు సాగదీసి గంజి పెడుతున్న యాదమ్మ భర్త భిక్షపతిని లారీ గుద్దింది. మగ్గం గుంటలో తొక్కుడు చెక్క తొక్కే కాలే విరిగింది. పరిహారం రాకపోతే ఇల్లు గడవదు. డ్రైవరేమో హారన్ కొట్టానని, మనిషే అడ్డం దూకాడని చెబుతున్నాడు. "కాలు విరిగిందని అందరికి కనబడుతది. డ్రైవర్ చూడక నడిపిండని చెప్పేటోళ్లు కావాలె" అన్నాడు నల్లగొండ వకీలు. భిక్షపతి వీపు లారీ వైపు ఉంది. యాదమ్మ ఇంట్లో ఉంది. చూసింది వాకిట్లో కళ్లాపి చల్లుతున్న ఉప్పలమ్మ ఒక్కతే. రేపే వాయిదా. నోరు తెరిచి అడిగితే కుండ తామే పగలగొట్టామని ఒప్పుకున్నట్టవుతుందని భిక్షపతి పట్టుదల.

కానీ ఉప్పలమ్మకు ఒక గుణముంది. తప్పుగా జరుగుతున్న పని చూస్తే ఆమె ఊరుకోలేదు. పక్కింటి ముగ్గు వంకరపోయినా చెరిపి తానే వేస్తుంది. యాదమ్మ రాట్నం ఆపి గొంతు పెంచింది.

"అత్తా, నువ్వు లారివి. రా!"

అత్త ఆండాళమ్మ చాటను స్టీరింగులా పట్టుకుని, "బుర్ర్ర్" అంటూ వంటింట్లోంచి బయల్దేరింది. పుట్టి బుద్ధెరిగాక లారీ ఎక్కని మనిషి, గడప దగ్గర మాత్రం గేరు మార్చింది.

"డ్రైవరు బీడీ ముట్టిస్తుండె!" యాదమ్మ అరిచింది. "పానగల్ దిక్కుకెల్లి వచ్చె! పాం పాం అని హారన్ గొట్టె!"

అవతల చెరుగుడు ఆగింది. ఒక దగ్గు వినిపించింది.

"ఇంక గట్టిగ కొట్టమ్మా," మంచం మీంచి భిక్షపతి అన్నాడు. "ఊరంత ఇనాలె."

"పాం పాం పాం!"

గోడ మీద ఉప్పలమ్మ తల లేచింది. మరుక్షణం మనిషే వచ్చి పడింది. ఎవరి మొహమూ చూడకుండా నేరుగా మగ్గం గుంజ ముందు నిలబడింది.

"ఓ గుంజా! బీడీ ఎక్కడిదే? ఒక చేత స్టీరింగు, ఒక చేత దువ్వెన! గా చిన్న అద్దంల మొకం చూస్కుంట పాపిడి దీస్కుంటుండె మారాజు. లారి ముంగట పడుగున్నదా, మనిషున్నడా, ఏం సోయి లేదు. హారన్ గుద్దినంక కొట్టిండు!"

యాదమ్మకు నవ్వాగలేదు. కొంగు నోట్లో కుక్కుకుని గుంజనే అడిగింది. "గుంజా, అది దువ్వెనేనని ఆమెకెట్ల ఎరుక?"

"దిగినప్పుడు సుత చేతులనె ఉండె! మనిషి కిందపడి మొత్తుకుంటుంటే, దువ్వెన జేబుల వెట్టుకొని వచ్చిండు!"

భిక్షపతి అవతలి వకీలు గొంతు పెట్టాడు. "గుంజా, నిద్రకండ్లతోని చూసిందేమో!"

"ఎవలియి నిద్రకండ్లు!" ఉప్పలమ్మ గుంజను చెంపదెబ్బ కొట్టినంత పని చేసింది. "గీ వాడల అందరికన్న ముందు లేశేది ఎవలో చెప్పవే గుంజా!"

లారీ ఇక తట్టుకోలేకపోయింది. ఆండాళమ్మ చాట పట్టుకునే నేల మీద కూలబడి, కళ్లనీళ్లు కారేలా నవ్వింది. భిక్షపతి నవ్వేసరికి కట్టు కదిలి "అబ్బా" అన్నాడు, మళ్లీ నవ్వాడు.

యాదమ్మ నవ్వు మాత్రం నడుమ ఆగింది. "అక్క చెప్పింది బాగనే ఉన్నది గని... కోర్టుల గుంజ యాడుంటదే గుంజా?"

ఉప్పలమ్మ గిరుక్కున తిరిగి తన వైపు వెళ్లిపోయింది.

"బోనుంటది గద బిడ్డా," ఆండాళమ్మ కళ్లు తుడుచుకుంది. "అదీ కట్టెనే."

తెల్లారి యాదమ్మ జొన్నరొట్టెలు మూటగడుతుంటే నడిమి గోడ అవతల తలుపు చప్పుడైంది. ఉప్పలమ్మ పెట్టెలోంచి తీసిన జరీ అంచు చీర కట్టుకుంది. ఎవరి వైపూ చూడలేదు. గూట్లో ఉన్న ఆండాళమ్మ దువ్వెన తీసి, అటూ ఇటూ తిప్పి చూసి, బొడ్లో దోపుకుంది. గుంజతో కూడా మాట్లాడకుండా, గడప దాటి, నల్లగొండ బస్సు వైపు నడిచింది.