జనానా గడప ముందు చెప్పులు

అజ్మత్ అలీ సాహెబుకు మాదన్నపేటలో రెండిళ్ళు. పెద్ద దాంట్లో తాను ఉండేవాడు, ఎదురుగా ఉన్న చిన్న దాంట్లో గాజుల సక్కుబాయి కిరాయికి ఉండేది. మొగుడు పోయాక ఆమెను బతికించింది ఆ ఇంటి అరుగే. గల్లీ ఆడవాళ్ళంతా అక్కడికే వచ్చి గాజులకు చేతులు చాచేవారు. ఇల్లు పోతే బేరం పోతుంది, బేరం పోతే సక్కుబాయి రోడ్డున పడుతుంది. ఇది తెలియడానికి కానూను చదవక్కర్లేదు.

అవి యుద్ధం రోజులు. పట్నంలో ఇళ్ళు దొరక్క కిరాయిలు కొండెక్కాయి. సొంత అవసరం ఉంటే తప్ప కిరాయిదార్లను ఖాళీ చేయించొద్దని సర్కారు కానూను తెచ్చింది. అంతే, పాతబస్తీలో ఇళ్ళున్న వాళ్ళందరికీ ఉన్నట్టుండి సంసారాలు పెరిగిపోయాయి. తన ఇంట్లో ఆడవాళ్ళకు కాలు చాపుకునే చోటు లేదని అజ్మత్ అలీ దావా వేశాడు. ఆ ఇంట్లో ఉన్న ఆడవాళ్ళు బేగం ఇక్బాలున్నీసా, ఆమె కూతురు. కింది కోర్టు పాపం, నమ్మింది.

అప్పీలు నాజిం సాహెబు ముందుకు వెళ్ళింది. పెద్ద జడ్జి, నిదానస్థుడు. కాగితాల కట్ట విప్పితే మళ్ళీ కట్టాల్సి వస్తుందని విప్పలేదు. "కింది కోర్టు తీర్పు సబబే" అని ఒక్క ముక్క రాసి సంతకం గీకాడు.

సక్కుబాయి వకీలు కైలాసం ఊరుకోలేదు, పై కోర్టుకెక్కాడు. పై కోర్టు నాజిం సాహెబుకు బాగానే గడ్డి పెట్టింది. అప్పీలు కోర్టు ఉన్నది కింది తీర్పు మీద మొహరు గుద్దడానికి కాదట. సాక్ష్యం తానే చూడాలట, ఇద్దరిలో ఎవరి ఇబ్బంది పెద్దదో తూచాలట, కారణాలు రాయాలట. మళ్ళీ విచారించమని కేసు వెనక్కి పంపింది. సక్కుబాయి ఆ రోజు వీధంతా చక్కెర పంచింది.

నాజిం సాహెబుకు రోషం వచ్చింది. రెండిళ్ళూ స్వయంగా చూస్తానని, ఫలానా రోజు మధ్యాహ్నం నమాజు తర్వాత వస్తానని కబురు పెట్టాడు. ఆ పొద్దున్నే అజ్మత్ అలీ కిషన్‌బాగ్ నుంచి చుట్టాల ఆడవాళ్ళను జట్కాల్లో తెచ్చి దింపాడు. ఊరికే కూర్చోవడం వాళ్ళ వల్ల కాలేదు. బేగం తలుపు సందులోంచి ఎదురింటికి కేకేసింది.

"సక్కూ, గాజుల మలారం తీస్కొని రా. మెహ్మాన్లు వచ్చిండ్రు."

"జడ్జిసాబ్ వస్తడంట గదమ్మా."

"జొహర్ నమాజ్ అయినంక గద వచ్చేది. అప్పటిదాంక ఏం జేస్తవ్?"

వాళ్ళంతా తన కొంప ముంచడానికి వచ్చారని సక్కుబాయికి తెలుసు. అయినా చాచిన చేతిని కాదనడం గాజులమ్మే మనిషికి చేతకాదు. ఇంటికి తాళం వేసి, ఎదురింట్లో ఆడవాళ్ళుండే జనానా గడప దగ్గర చెప్పులు విడిచి లోపలికి వెళ్ళింది.

మధ్యాహ్నం ఎండ తన ఒంటికి పడదని నాజిం సాహెబు పొద్దున్నే వచ్చేశాడు. వకీలు కైలాసం అప్పటికింకా స్నానం కూడా చేయలేదు. జనానాలోకి పరాయి మగవాడు అడుగు పెట్టకూడదు కదా, జడ్జి అయినా సరే. ఆయన పరదా బయటే ఆగిపోయాడు. లోపలి ఆడవాళ్ళను లెక్కపెట్టే దారి కనపడక గడప ముందున్న చెప్పులను లెక్కపెట్టాడు. పదిహేడు జతలు. వాటిని సాక్ష్యం కింద గోనె సంచిలో వేయించాడు. తర్వాత ఎదురింటికి వెళ్తే అక్కడ తాళం.

బయటి మాటలు సక్కుబాయికి వినపడుతూనే ఉన్నాయి. కానీ అప్పుడే ఒక లావుపాటి బేగం చేతికి సబ్బు రాసి గాజు ఎక్కిస్తోంది. గాజు కణుపుల మీద బిగుసుకుంది. వదిలేస్తే పగిలి చేయి కోసుకుపోతుంది. అది మణికట్టుకు దిగేసరికి నాజిం సాహెబు గల్లీ దాటిపోయాడు.

ఈసారి తీర్పు పొడుగ్గా వచ్చింది. యజమాని ఇంట్లో పదిహేడు మంది ఆడవాళ్ళు నరకం పడుతున్నారు. కిరాయిదారు పట్టపగలు ఇల్లు తాళం పెట్టి తిరుగుతోంది, ఆమెకు ఇంటి అవసరం బొత్తిగా లేదు. కైలాసం మళ్ళీ పై కోర్టుకు పరిగెత్తాడు. జడ్జి చెప్పిన వేళకు రాలేదన్నాడు, ఆ చెప్పుల్లో ఒక జత మా మనిషిదే అన్నాడు. పై కోర్టు కళ్ళజోడు సర్దుకుంది. అప్పీలు కోర్టు స్వయంగా చూసింది, కారణాలు రాసింది, కనుక తన బాధ్యత నెరవేర్చింది. చెప్పుల సంగతి వాస్తవాల విషయం, అందులో మేము వేలు పెట్టం అంది.

కోర్టు అమీను వచ్చి సక్కుబాయి సామాను గల్లీలో పెట్టించాడు. ఆ ఇంట్లోకి అజ్మత్ అలీ ఆడవాళ్ళెవరూ రాలేదు. రెట్టింపు కిరాయికి ఒక నూలు వ్యాపారి దిగాడు. ఆ అరుగు మీద నూలు బేళ్ళు చూసిన నాడు సక్కుబాయి కొంగు నోట్లో కుక్కుకుని ఏడ్చింది.

మలారం నెత్తిన పెట్టుకుని వీధులు తిరగాలంటే కాళ్ళకు చెప్పులైనా ఉండాలి. వాటి కోసం ఆమె కోర్టుకు వెళ్ళింది. కాగితాలు చూసే పేష్కారు సంచి విప్పి చూపించాడు.

"గవే సాబ్, ఎర్రపట్టీయి. నావే."

"ఇవి అజ్మత్ అలీ ఇంటి ఆడవాళ్ళవని తీర్పుల ఉన్నది. నీవైతే తీర్పు తప్పైతది. పై కోర్టు గూడ తప్పు కాదన్నది. అంటే ఇవి నీవి గావు."

సక్కుబాయి కాసేపు చెప్పులను చూసింది, తర్వాత బొబ్బలెక్కిన తన పాదాలను చూసుకుంది.

"మంచిది సాబ్. మరి ఈ కాళ్ళు ఎవలియో గదిగూడ రాసియ్యుండ్రి."

పేష్కారు నవ్వలేదు. దానికి స్టాంపు కాగితం మీద వేరే దరఖాస్తు పెట్టుకోమన్నాడు.