పెంచలడ్రైవు

తెర ఇంకా అక్కడే ఇరుక్కుపోయి ఉంది: ‘అప్‌డేట్లు జరుగుతున్నాయి, ఆపవద్దు.’ కంప్యూటర్లు బాగుచేసే పెంచలప్రసాద్ బట్టతల మీది చెమట తువ్వాలుతో ఒత్తుకుని, ముసలి కంప్యూటర్ వెనక వైర్లలోకి తల దూర్చాడు. ఆత్మకూరు శివార్లలోని లోడు బండ్లు తూచే వేబ్రిడ్జి బయట వడ్ల ట్రాక్టర్లు హారన్లు కొడుతున్నాయి. గదినిండా దుమ్ము.

“ఏంది రోశమ్మా, ఊడవలేదా?”

“నువ్వే గదన్నా ఫోన్లో, నేనొచ్చిందాకా పాచిపని ముట్టుకోవద్దన్నావు?”

“నేనన్నది ప్యాచ్ పని! మిషనుకు మాసికెయ్యడం!” గది అదిరేలా నవ్వాడు. “అయినా రెండూ ఒకటేలే. రోజూ చేస్తే కనపడదు, మానితేనే కనపడతాది.”

యజమాని సురేంద్రబాబు గుమ్మంలోకి వచ్చాడు. “అన్నా, కంపెనీవోళ్లే దీన్ని వదిలేసినారు. మధ్యాహ్నానికి బండి తూగకపోతే పాత ఇనప సామానోడికి తూకానికేసేస్తా. కొత్తదానికి తూకం చీటీలు కొట్టే మనిషి గూడా అక్కర్లేదు.”

చీటీలు కొట్టే మనిషి రోశమ్మే. ఆమె చీపురు పట్టుకుని నిలబడిపోయింది.

“తూకం మిషన్నే తూకానికేస్తావా? ఉదయగిరిలో నా టైపు ఇన్‌స్టిట్యూట్ మూతబడ్డప్పుడు నన్నూ పాతోడన్నారు. నాకు రిటైరు లేదు బాబూ, రీస్టార్టే!”

పొడుం డబ్బా తెరిచి, అందులోంచి పెన్‌డ్రైవ్ తీసి, తుమ్మి, కంప్యూటర్‌కు గుచ్చాడు. లారీవాళ్లు దానికి పెట్టిన పేరు పెంచలడ్రైవు. కంపెనీ పంపడం మానేసిన ప్యాచ్‌లన్నీ అందులోనే ఉన్నాయి.

“రా, కూచో. నువ్వే చెయ్యి. ముందు అప్‌డేట్ సర్వీసు ఆపు. ఆ కుళ్లిన ఫోల్డరు పేరు చివర ‘పాత’ అని కొట్టు. మళ్లీ నడిపించు. చూసినావా! పాత అనేసరికి రోషమొచ్చి కొత్త ఫోల్డరు పుట్టించుకుంది. దీనికి నీ పేరే పెట్టాల.”

మధ్యాహ్నం కాకముందే మొదటి ట్రాక్టరు కాటా ఎక్కింది. తెరమీద అంకెలు మెరిశాయి.

“బండి తూగింది. ఇంక నేను తూగతా,” అంటూ ఎడమ భుజం రుద్దుకుని ఉదయగిరి బస్సెక్కాడు.

దారిపొడుగునా తల కిటికీకి ఆనించి తూగుతున్నట్టే ఉన్నాడు. ఉదయగిరి బస్టాండులో అందరూ దిగారు. కండక్టరు వచ్చి భుజం తట్టాడు. మళ్లీ తట్టాడు.

పెంచలప్రసాద్ కర్మంతరం నాటికి తెర మళ్లీ ఇరుక్కుంది. సురేంద్రబాబు పాత సామానోడికి ఫోన్ కలిపాడు. రోశమ్మ ముందు గది ఊడ్చింది. చెయ్యి కడుక్కుని కుర్చీలో కూర్చుంది. సర్వీసు ఆపి, ఫోల్డరు పేరు చివర ‘పాత’ అని కొట్టింది.

“ఫోన్ పెట్టెయ్ బాబూ. రోషమొచ్చింది.”

“ఎవరికి?”

ఆమె చీటీ కాగితం సర్దుకుంది. బయట ట్రాక్టరు కాటా ఎక్కుతోంది. ఆయన ఆ రోజు మరిచిపోయిన పెంచలడ్రైవు, పొడుం మరకతోనే, కంప్యూటర్ డబ్బాకు గుచ్చుకుని మిణుకుమిణుకుమంటోంది.